బాల్సమిక్ డ్రెస్సింగ్: అపోహలు – వాస్తవాలు

నెల్లూరులో ఆఫీసులకు మధ్యాహ్నం పూట సలాడ్ డబ్బాలు పంపే చిన్న వంటిల్లు నాది. సెలవు రోజుల్లో వంట కూడా నేర్పుతుంటాను. నా దగ్గరకు వచ్చేవారు ఎక్కువగా అడిగేది బాల్సమిక్ డ్రెస్సింగ్ గురించే. అంటే బాల్సమిక్ అనే ద్రాక్ష వినెగర్‌ను నూనెతో కలిపి సలాడ్ మీద పోసుకునేది. మాగుంట లేఅవుట్ వైపు సూపర్ మార్కెట్లలో ఈ నల్లటి వినెగర్ సీసాలు ఇప్పుడు సులువుగా దొరుకుతున్నాయి. కొన్నవారు ఒకసారి కలిపి చూసి, పులుపు ఎక్కువైందనో, చేదొచ్చిందనో, నూనె పైకి తేలిందనో సీసాను అలమారాలో వెనక్కి నెట్టేస్తున్నారు. ఐదు నిమిషాల్లో అయిపోయే పని ఇలా ఆగిపోవడం నాకు బాధగా ఉంటుంది. నేను తరచూ వినే మాటలను ఒక్కొక్కటిగా తీసుకుని, అసలు సంగతి రాస్తున్నాను.

అపోహ: బాల్సమిక్ అంటే పన్నెండేళ్లు పీపాల్లో నిల్వ ఉంచిన వినెగర్.

వాస్తవం: అలాంటిది ఉంది. మనం నాలుగైదు వందలకు కొన్న సీసాలో ఉన్నది మాత్రం అది కాదు.

ఇటలీలో ఎమీలియా-రొమాన్యా ప్రాంతంలోని మోదెనా, రెజ్జో ఎమీలియా ఈ వినెగర్‌కు పుట్టిళ్లు. ట్రెబ్బియానో, లాంబ్రుస్కో వంటి ద్రాక్షల రసాన్ని కాచి చిక్కబరిచి, మరేమీ కలపకుండా, ఓక్, చెస్ట్‌నట్, చెర్రీ, మల్బరీ, జునిపర్ వంటి చెక్కలతో చేసిన పీపాల్లో పోసి ఏళ్ల తరబడి ఉంచుతారు. ఏటా కొంత నీరు ఆవిరైపోతుంది. పెద్ద పీపాలోంచి చిన్న పీపాలోకి మారుస్తూ పోతారు. కనీసం 12 ఏళ్లు నిండితేనే దానికి ‘ట్రడిజియోనాలె’ అన్న పేరు దక్కుతుంది. 25 ఏళ్లు దాటితే ‘ఎక్స్‌ట్రావెక్కియో’ అంటారు. 100 మిల్లీలీటర్ల చిన్న సీసాల్లో, వేల రూపాయల ధరకు అమ్ముతారు. దాన్ని జున్ను మీదో, స్ట్రాబెర్రీల మీదో చుక్కలుగా వేసుకుంటారు. ఎవరైనా విదేశాల నుంచి మీకు అలాంటి సీసా తెచ్చి ఇస్తే దయచేసి నూనెలో కలిపి గిలక్కొట్టకండి. దాని సువాసన అంతా నూనెలో మునిగిపోతుంది.

మనకు దొరికేది ‘అచేతో బాల్సమికో ది మోదెనా’. దీనికి 2009లో యూరప్‌లో ఐజీపీ అనే భౌగోళిక గుర్తింపు వచ్చింది. మన ఉదయగిరి చెక్క గరిటెలకు ఉన్న గుర్తింపు లాంటిదే. ఇది చిక్కబరిచిన ద్రాక్షరసం, వైన్ వినెగర్ కలిపి చేసేది. ఆమ్లత కనీసం 6 శాతం ఉండాలి. 60 రోజులు నిల్వ ఉంచితే చాలు. మూడేళ్లు దాటితే లేబుల్ మీద ‘ఇన్వెక్కియాతో’ అని రాసుకోవచ్చు. డ్రెస్సింగ్‌కు కావలసింది ఈ రకమే కాబట్టి చవకది కొన్నామని చిన్నబుచ్చుకోనక్కర్లేదు.

అపోహ: ఎంత నల్లగా ఉంటే అంత మంచిది.

వాస్తవం: ఐజీపీ రకంలో రంగు కోసం 2 శాతం వరకు క్యారమెల్ కలపడానికి అనుమతి ఉంది. అందుకే రంగును నమ్మకండి. సీసాను వెనక్కి తిప్పి పదార్థాల జాబితా చదవండి. ముందు రాసిన పదార్థమే ఎక్కువ పాళ్లలో ఉంటుంది. ద్రాక్షరసం ముందుంటే ఆ వినెగర్ చిక్కగా, తియ్యగా ఉంటుంది. వైన్ వినెగర్ ముందుంటే పల్చగా, ఘాటుగా ఉంటుంది. నొక్కితే ధారగా వచ్చే ప్లాస్టిక్ సీసాల్లోని ‘గ్లేజ్’ వేరే సరుకు. చాలావాటిలో పిండి పదార్థమో, జిగురో, పంచదారో వేసి చిక్కబరుస్తారు. పైన గీతలుగా వేసుకోవడానికి బాగుంటుంది కానీ డ్రెస్సింగ్ కలపడానికి పనికిరాదు.

అపోహ: మూడు వంతుల నూనెకు ఒక వంతు వినెగర్. ఈ కొలత మార్చకూడదు.

వాస్తవం: ఈ కొలత మామూలు వైన్ వినెగర్ కోసం పుట్టింది. బాల్సమిక్‌లో ద్రాక్ష తీపి ఉంది కాబట్టి పులుపును అణచడానికి అంత నూనె అవసరం లేదు. పల్చటి, ఘాటైన సీసా అయితే ఒకటికి మూడు పోయండి. మధ్యస్థంగా ఉంటే ఒకటికి రెండు. చిక్కగా, తియ్యగా ఉంటే సమానంగా కలిపినా బాగుంటుంది. అంటే కొలతను నిర్ణయించేది మీ చేతిలోని సీసా. అందుకే కలపడానికి ముందు ఒక చుక్క వినెగర్‌ను నాలుక మీద వేసుకుని చూడమని పదేపదే చెబుతాను.

నలుగురికి సరిపడా నా కొలత ఇది. గాజు సీసాలో రెండు టేబుల్ స్పూన్ల బాల్సమిక్ పోసి, పావు టీ స్పూను ఉప్పు వేసి ముందు అది కరిగేదాకా ఊపాలి. ఈ వరుస ముఖ్యం. ఉప్పు నూనెలో కరగదు. నూనె పోశాక వేస్తే అడుగున గరగరలాడుతూ ఉండిపోతుంది, చివర తిన్నవారికి ఉప్పంతా ఒకేసారి తగులుతుంది. తరువాత ఒక టీ స్పూను మస్టర్డ్ పేస్ట్, కొంచెం మిరియాల పొడి, కావాలంటే అర టీ స్పూను తేనె వేయాలి. చివరగా నాలుగు టేబుల్ స్పూన్ల నూనె పోసి మూత బిగించి అర నిమిషం గట్టిగా ఊపితే చాలు.

రుచి చూసేటప్పుడు స్పూనుతో చూడకండి. డ్రెస్సింగ్‌ను విడిగా నాలుక మీద వేసుకుంటే ఎప్పుడూ ఘాటుగానే అనిపిస్తుంది. ఒక కీరా ముక్కనో, ఆకునో ముంచి తినండి. అప్పుడు చాలనిపించిన ఉప్పే సరైన ఉప్పు.

అపోహ: విదేశీ మస్టర్డ్ పేస్ట్ లేకపోతే నూనె, వినెగర్ కలవవు. కలిసినవి విడిపోతే పాడైనట్టే.

వాస్తవం: నూనె, వినెగర్ వాటంతట అవి కలిసి ఉండవు. ఊపినప్పుడు నూనె చిన్న చిన్న బొట్లుగా విడిపోతుంది. ఆవగింజ పైపొరలో ఉండే జిగురు ఆ బొట్లు మళ్లీ ఒకటి కాకుండా కాసేపు అడ్డుపడుతుంది. ఈ గుణం ఆవగింజది కాబట్టి మన వంటింటి ఆవాలకూ ఉంది. ఆవపెట్టిన కూర చేసే ఇళ్లలో ఇది చెప్పకుండానే అర్థమవుతుంది. పావు టీ స్పూను ఆవాలను మెత్తగా పొడిచేసి, అదే వినెగర్‌లో పది నిమిషాలు నాననిస్తే సరిపోతుంది. నల్ల ఆవాల ఘాటు ఎక్కువ, అంతకు మించి వేయవద్దు. తేనె కూడా చిక్కదనంతో కొంత సాయపడుతుంది.

ఇంత చేసినా కొంతసేపటికి నూనె పైకి తేలుతుంది. అది దాని సహజ గుణం. వేడికి నూనె పల్చబడుతుంది కాబట్టి మన రోహిణీ కార్తె ఎండల్లో ఇంకా తొందరగా తేలుతుంది. మళ్లీ ఊపి పోసుకోండి.

అపోహ: మిక్సీలో వేస్తే ఇంకా బాగా కలుస్తుంది.

వాస్తవం: బాగానే కలుస్తుంది, కానీ ఎక్స్‌ట్రా వర్జిన్ ఆలివ్ నూనె వాడితే చేదెక్కుతుంది. ఆ నూనెలోని పాలీఫినాల్స్ అనే చేదు పదార్థాలు మిక్సీ బ్లేడ్ల వేగానికి తునాతునకలైన బొట్లలోంచి బయటపడతాయి. “మా బాల్సమిక్ చేదుగా ఉంది” అని వచ్చేవారిని నేను ముందు అడిగేది మిక్సీలో తిప్పారా అనే. చేత్తో ఊపడమే మేలు. కలిపే గిన్నె గాజుదో, స్టీలుదో అయి ఉండాలి. ఇత్తడి, రాగి, అల్యూమినియం గిన్నెలు పులుపుతో చర్య జరుపుతాయి.

ఆలివ్ నూనే ఉండాలా అంటే, ఉండనక్కర్లేదు. గానుగ వేరుశనగ నూనె వాసన బాల్సమిక్ తీపితో చక్కగా కుదురుతుంది. ఉడికించిన శనగలు, ఉల్లిపాయ, టమాటా వేసిన సలాడ్‌కు నేను దాన్నే ఇష్టపడతాను. నువ్వుల నూనె వాసన బలమైనది. సగం నువ్వుల నూనె, సగం రుచిలేని రిఫైన్డ్ నూనె కలిపితే సరిపోతుంది.

అపోహ: నూనె లేకుండా వినెగర్ ఒక్కటే పోసుకుంటే ఆరోగ్యం.

వాస్తవం: క్యారెట్‌లోని బీటా కెరోటిన్, టమాటాలోని లైకోపీన్ శరీరానికి సరిగా అందాలంటే కొంత కొవ్వు ఉండాలి. నూనె పూర్తిగా మానేస్తే సలాడ్ తిన్న ఫలితంలో కొంత పోతుంది. అలాగని ధారగా పోయడమూ సరికాదు. ఒక టేబుల్ స్పూను నూనెలో దాదాపు 120 కేలరీలు ఉంటాయి. మనిషికి ఒక టేబుల్ స్పూను నూనె పడేలా చూసుకుంటే చాలు, పై కొలత అలాగే వేసింది.

దీనికి తోడు, బాల్సమిక్ తాగితే షుగర్ తగ్గుతుందని చెప్పుకోవడం విన్నాను. దయచేసి అలా తాగకండి. ఇందులో ద్రాక్ష చక్కెర ఉంది, పులుపు పళ్ల మీది ఎనామిల్‌ను తింటుంది. సలాడ్‌లో పడే ఒకటి రెండు స్పూన్లు వేరే సంగతి. మధుమేహం ఉన్నవారు లేబుల్ మీద చక్కెర ఎంతుందో చూసుకుని, తేనె మానేసి కలుపుకోవాలి.

వైన్ వినెగర్ అన్న మాట చూసి పెద్దలున్న ఇళ్లలో వెనకాడతారు. వైన్‌లోని ఆల్కహాల్‌ను బ్యాక్టీరియా ఎసిటిక్ ఆమ్లంగా మార్చేస్తేనే అది వినెగర్ అవుతుంది. చాలా స్వల్పంగా మాత్రమే మిగలవచ్చు, మత్తు ఉండదు. అయినా నమ్మకం రీత్యా వద్దనుకునేవారిని నేను బలవంతం చేయను. వారికి చివర మరో దారి రాశాను.

అపోహ: చేపల పులుసులా ఒక రాత్రి ఊరితే రుచి పెరుగుతుంది. వెల్లుల్లి వేసి బయటే పెట్టుకోవచ్చు.

వాస్తవం: మన ఊళ్లో ఈ మాట రావడం సహజమే. నెల్లూరు చేపల పులుసు మరుసటి రోజే బాగుంటుంది, పులుపూ కారమూ ముక్కకు పడతాయి. డ్రెస్సింగ్‌లో పట్టవలసిన ముక్క ఏదీ లేదు. పచ్చి వెల్లుల్లి మాత్రం గంటలు గడిచేకొద్దీ ఘాటెక్కి మిగతా రుచులను కప్పేస్తుంది. ఏ రోజుది ఆ రోజు కలుపుకున్నదే మేలు.

వెల్లుల్లి విషయంలో రుచి కంటే పెద్ద సంగతి భద్రత. పచ్చి వెల్లుల్లిని నూనెలో వేసి బయట ఉంచితే, గాలి తగలని ఆ నూనెలో బోటులిజం అనే ప్రాణాంతకమైన జబ్బును కలిగించే బ్యాక్టీరియా పెరగవచ్చు. రంగు, వాసన మారకుండానే అది జరగవచ్చు. “మన వెల్లుల్లి పచ్చడి ఏడాది పాటు బయటే ఉంటుంది కదా” అని అడుగుతారు. అది మంచి ప్రశ్న. పచ్చడిలో ఉప్పు, పులుపు దండిగా ఉంటాయి, ఆ బ్యాక్టీరియాను అవే ఆపుతాయి. డ్రెస్సింగ్‌లో ఉప్పు చిటికెడు, ఎక్కువ భాగం నూనె. వినెగర్ కొంత కాపాడినా దాని మీదే భారం వేయకూడదు. వెల్లుల్లి, ఉల్లి, కొత్తిమీర వంటి పచ్చి సరుకు వేస్తే ఫ్రిజ్‌లో పెట్టి మూడు నాలుగు రోజుల్లో వాడేయండి. అవేమీ లేకపోతే ఫ్రిజ్‌లో వారం పైన ఉంటుంది. తేనె వేసినదాన్ని ఏడాది నిండని పసిపిల్లలకు పెట్టకూడదు.

ఫ్రిజ్‌లో ఆలివ్ నూనె గడ్డకట్టి తెల్లగా కనిపిస్తే కంగారు వద్దు. పదిహేను నిమిషాలు బయట ఉంచితే కరుగుతుంది. కలపని బాల్సమిక్ సీసాకు మాత్రం ఫ్రిజ్ అక్కర్లేదు. పొయ్యికి దూరంగా, చీకటిగా ఉన్న అరలో పెడితే చాలు. అడుగున మడ్డి కనిపించినా హాని లేదు.

అపోహ: ఆకులు వాడిపోవడానికి కారణం వినెగర్.

వాస్తవం: ఎక్కువ నష్టం చేసేది నూనె. ఆకు మీద పల్చటి మైనపు పొర ఉంటుంది. నీళ్లలా పల్చగా ఉండే వినెగర్‌ను అది కొంతసేపు ఆపుతుంది, నూనెను ఆపలేదు. అందుకే మేము డబ్బాలో డ్రెస్సింగ్‌ను చిన్న సీసాలో విడిగా పెడతాం, తినే ముందు కలుపుకోమంటాం. కడిగిన ఆకులను పొడి గుడ్డతో బాగా ఒత్తి తుడవాలి. తడి ఉన్న ఆకుకు డ్రెస్సింగ్ పట్టదు, గిన్నె అడుగుకు జారిపోతుంది. లెట్యూస్ దొరకని రోజు కీరా, క్యాబేజీ, పెసర మొలకలు, పుచ్చకాయ ముక్కలు వాడండి, ఇవి అంత త్వరగా వాడిపోవు.

అపోహ: బాల్సమిక్ లేకపోతే తెల్ల వినెగర్‌లో పంచదార కలిపితే సరి.

వాస్తవం: దుకాణాల్లో చవకగా దొరికే తెల్ల వినెగర్ చాలావరకు ఎసిటిక్ ఆమ్లాన్ని నీళ్లలో కలిపినదే. లేబుల్ మీద ‘సింథటిక్’ అని రాసి ఉంటుంది. పులుపు తప్ప వాసన ఉండదు. దానికంటే మన పొదలకూరు నిమ్మకాయలు ఎంతో మేలు. రెండు టేబుల్ స్పూన్ల నిమ్మరసం, ఒక టీ స్పూను బెల్లం పాకం, పావు టీ స్పూను ఉప్పు కరిగాక, ఆవపొడి వేసి, ఐదారు టేబుల్ స్పూన్ల వేరుశనగ నూనె పోసి ఊపండి. బాల్సమిక్ కంటే నిమ్మరసంలో తీపి తక్కువ కాబట్టి ఇక్కడ నూనె ఎక్కువ పడుతుంది. నిమ్మరసం వాసన మరునాటికి మారిపోతుంది, కలిపినది ఆ పూటకే వాడేయాలి.