తప్పులన్నీ ఒకే వైపు ఒరిగినప్పుడు

2000 మార్చి 2న అమెరికా స్టాక్ మార్కెట్ ఒక మామూలు తీసివేత లెక్క తప్పింది. త్రీకామ్ అనే నెట్‌వర్క్ పరికరాల కంపెనీకి పామ్ అనే అనుబంధ సంస్థ ఉండేది. అది అరచేతిలో ఇమిడే చిన్న కంప్యూటర్లు తయారుచేసేది. పామ్‌లో సుమారు 5 శాతం వాటాను త్రీకామ్ ఆ రోజు మార్కెట్లోకి తెచ్చింది. మిగతా 95 శాతాన్ని అదే ఏడాది తన షేర్‌హోల్డర్లకు పంచిపెడతానని ముందే ప్రకటించింది. ఒక్కో త్రీకామ్ షేరుకు దాదాపు ఒకటిన్నర పామ్ షేర్లు రావాలి.

సాయంత్రానికి పామ్ షేరు 95 డాలర్ల దగ్గర ముగిసింది. ఒకటిన్నర షేర్లంటే 142 డాలర్లు. కాబట్టి త్రీకామ్ షేరు తక్కువలో తక్కువ 142 డాలర్లు పలకాలి. కంపెనీకున్న ఇతర వ్యాపారాలు, చేతిలో ఉన్న నగదు దీనికి అదనం. కానీ త్రీకామ్ షేరు ముగిసింది 82 డాలర్ల దగ్గర! అంటే ఆ మిగతా వ్యాపారం మొత్తానికి మార్కెట్ కట్టిన విలువ షేరుకు మైనస్ 60 డాలర్లు.

ఈ లెక్క వేయడానికి పెద్ద చదువులు అక్కర్లేదు. అప్పటి పత్రికలు కూడా దీని గురించి రాశాయి. అందరి కళ్లముందే ఉన్న ఈ తప్పు వారాల తరబడి అలాగే ఉండిపోయింది. స్టాక్ మార్కెట్ గురించి ఎప్పుడు ఆలోచించినా నేను ముందు ఈ రోజునే గుర్తు చేసుకుంటాను. ఒక షేరు ‘అసలు విలువ’ ఎంత అన్నది మామూలుగా తేలే విషయం కాదు, ఎవరి అంచనా వారిది. ఇక్కడ మాత్రం ఏ అంచనా అవసరం లేకుండానే తప్పు బయటపడింది.

తెలిసిన సమాచారమంతా మార్కెట్ ధరలో ఇమిడి ఉంటుందన్నది అర్థశాస్త్రంలో చాలా బలమైన సిద్ధాంతం. యూజీన్ ఫామా 1970లో దానికి స్పష్టమైన రూపం ఇచ్చారు. దాన్ని తేలిగ్గా కొట్టిపారేయకూడదు, ఎందుకంటే దాని వెనక మంచి కారణమే ఉంది. 1906లో ఇంగ్లండ్‌లోని ప్లిమత్‌లో జరిగిన పశువుల ప్రదర్శనలో ఒక ఎద్దును చూపించి, దాన్ని కోసి శుభ్రం చేశాక మాంసం ఎంత తూగుతుందో చెప్పమని పోటీ పెట్టారు. ఆ చీటీలను తర్వాత ఫ్రాన్సిస్ గాల్టన్ అనే శాస్త్రవేత్త తెప్పించుకుని లెక్క కట్టాడు. పనికొచ్చే చీటీలు 787. వాటన్నిటినీ వరుసలో పేరిస్తే సరిగ్గా మధ్యలో పడిన అంకె 1,207 పౌండ్లు. అసలు బరువు 1,198 పౌండ్లు. ఒక్క శాతం కూడా తేడా లేదు. ఎక్కువ చెప్పినవారి తప్పూ తక్కువ చెప్పినవారి తప్పూ ఒకదాన్నొకటి కొట్టేసుకున్నాయి. మార్కెట్ ధర కూడా ఇలాగే పనిచేస్తుందనేది ఆ వాదన. ఒక్కో మనిషీ పొరబడొచ్చు గానీ లక్షల మంది తప్పులు కలిస్తే చివరికి సత్యం దగ్గరికే చేరతాయన్నమాట.

అయితే ఇందులో ఒక షరతు ఉంది. ఎవరి చీటీ వారు పక్కవాడి చీటీ చూడకుండా రాయాలి. 2011లో స్విట్జర్లాండ్‌లోని జ్యూరిక్‌లో పరిశోధకులు 144 మంది విద్యార్థుల చేత కొన్ని అంకెలు ఊహింపజేశారు. కొందరికి మిగతావారి జవాబులు చూపించి, మళ్లీ ఊహించమన్నారు. చూసినవారి జవాబులు ఒకదానికొకటి దగ్గరయ్యాయి, కానీ గుంపు అంచనా మాత్రం మెరుగుపడలేదు. పైగా తమ జవాబు మీద వారికి నమ్మకం పెరిగింది. నలుగురూ ఒకే మాట అంటున్నారంటే అది నిజమే అయ్యుంటుందన్న ధైర్యం అది. ఆ నలుగురూ ఒకరిని చూసి ఒకరు ఆ మాట అంటున్నారని తట్టదు.

మార్కెట్లో అసలు రహస్య చీటీలే ఉండవు. తెర మీద కదిలే ధర అంటేనే ఇతరుల అభిప్రాయం. ప్రతి సెకనూ అది మన కళ్లముందే ఉంటుంది. దాన్ని చూస్తూనే మన అంచనా వేస్తాం, మనం కొన్నా అమ్మినా అది మళ్లీ ఆ ధరలోనే కలుస్తుంది. షేరు మంచిదా కాదా అన్నదానికంటే, మిగతావాళ్లు దాన్ని మంచిదనుకుంటారా లేదా అన్న ప్రశ్న అక్కడ పెద్దదైపోతుందని అర్థశాస్త్రవేత్త కీన్స్ 1936లోనే గమనించారు.

దీన్ని ప్రయోగశాలలో పరీక్షించినవారు వెర్నన్ స్మిత్, ఆయన సహచరులు. 1988లో వారు ప్రచురించిన ప్రయోగం చాలా తేలికైనది. కొద్దిమందిని కంప్యూటర్ల ముందు కూర్చోబెట్టి ఒక ఊహాజనిత షేరును కొనుక్కోమని, అమ్ముకోమని చెప్పారు. ఆట మొత్తం 15 రౌండ్లు. ప్రతి రౌండ్ చివర ఆ షేరుకు సగటున 24 సెంట్ల డివిడెండ్ (షేరు ఉన్నవారికి పంచే లాభం) వస్తుంది. 15వ రౌండ్ అయిపోతే షేరు విలువ సున్నా. కాబట్టి మొదట్లో దాని విలువ 3 డాలర్ల 60 సెంట్లు, ఆ తర్వాత రౌండుకు 24 సెంట్ల చొప్పున తగ్గుతూ పోవాలి. ఇదంతా ఆటగాళ్లకు ముందే వివరంగా చెప్పారు. పుకార్లకు తావు లేదు, లోపలి సమాచారం లేదు, కంపెనీ భవిష్యత్తు గురించి బెంగ లేదు. అయినా ధరలు ఆ విలువను దాటి పైకి ఎగబాకి, చాలాసేపు అక్కడే నిలిచి, ఆట ముగింపుకొచ్చే సరికి ఒక్కసారిగా కూలిపోయేవి. మళ్లీ మళ్లీ ఇదే జరిగింది. విలువ ఎంతో అందరికీ తెలుసు. మిగతావాళ్లు ఎలా ప్రవర్తిస్తారో మాత్రం ఎవరికీ తెలియదు. బుడగ పుట్టడానికి ఆ ఒక్క అనిశ్చితి చాలింది.

ఒకరిని చూసి ఒకరు నడిచే ఈ గుంపులో మనిషి మనసు స్వభావంగానే కొన్ని వైపులకు ఒరిగి ఉంటుంది. డేనియల్ కానెమన్, ఏమస్ ట్వెర్‌స్కీ అనే మనస్తత్వ శాస్త్రవేత్తలు 1979లో ప్రచురించిన పరిశోధనలో కీలకమైన విషయం ఇదే. వంద పోగొట్టుకుంటే కలిగే బాధ, వంద సంపాదిస్తే కలిగే సంతోషం కంటే చాలా పెద్దది. వారి తర్వాతి కొలతల ప్రకారం రెండింతలకు కాస్త ఎక్కువే. బొమ్మ పడితే వంద పోతుంది, బొరుసు పడితే ఎంత వస్తే ఆడతావని అడిగితే చాలామంది రెండు వందల దగ్గర గానీ ఒప్పుకోరు.

షేర్ల దగ్గరికొచ్చేసరికి ఈ బాధ ఒక విచిత్రమైన రూపం తీసుకుంటుంది. మనం కొన్న ధర మనసులో ఒక గీతలా పడిపోతుంది. ధర ఆ గీతకు పైన ఉంటే అమ్మేసి హాయిగా ఊపిరి పీల్చుకోవాలనిపిస్తుంది. కింద ఉంటే, అమ్మడమంటే తప్పు ఒప్పుకోవడమే కాబట్టి ‘ఎప్పటికైనా కొన్న రేటుకు రాకపోతుందా’ అని పట్టుకుని కూర్చుంటాం. ఈలోగా ఆ కంపెనీ గురించి మంచి వార్త ఏ మూల కనిపించినా ఆత్రంగా చదువుతాం, చెడ్డ వార్తను చూసీ చూడనట్టు వదిలేస్తాం. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లు అన్నట్టు. టెరెన్స్ ఓడీన్ అనే పరిశోధకుడు అమెరికాలోని ఒక బ్రోకరేజీలో ఉన్న 10,000 ఖాతాల 1987-1993 నాటి లావాదేవీలు పరిశీలించారు. లాభంలో ఉన్న షేర్లను అమ్మే అవకాశం వచ్చినప్పుడు మదుపరులు 14.8 శాతం సార్లు అమ్మారు. నష్టంలో ఉన్నవాటిని 9.8 శాతం సార్లే అమ్మారు. వారు అమ్మేసిన లాభాల షేర్లు, దాచుకున్న నష్టాల షేర్ల కంటే తర్వాతి ఏడాదిలో సగటున 3.4 శాతం పాయింట్లు ఎక్కువ రాబడి ఇచ్చాయి. ఆ షేరును మనం ఎంతకు కొన్నామో కంపెనీకి తెలియదు, దాని భవిష్యత్తుకు ఆ అంకెతో సంబంధమే లేదు. కానీ మన మనసులో అన్నిటికంటే గట్టిగా నాటుకునేది ఆ అంకే.

ఇది ఒక్కో ఖాతాలో జరిగే చిన్న నష్టంలా కనిపిస్తుంది గానీ, దీని ప్రభావం మార్కెట్ ధరల దాకా వెళ్తుంది. ఒక కంపెనీకి మంచి వార్త వచ్చిందనుకోండి. ధర పెరగడం మొదలవుతుంది. తక్కువకు కొన్నవారంతా లాభం చేతికి తీసుకోవాలని అమ్మకాలకు దిగుతారు. ఆ అమ్మకాల ఒత్తిడికి ధర వెళ్లాల్సినంత పైకి వెళ్లదు. చెడ్డ వార్త వస్తే దీనికి తిరగబడి జరుగుతుంది. నష్టానికి అమ్మడం ఇష్టంలేక అందరూ బిగపట్టడంతో, ధర పడాల్సినంత పడదు. రెండు సందర్భాల్లోనూ వార్త ధరలోకి ఒక్కసారిగా రాక, నెలల తరబడి ఇంకుతూ ఉంటుంది. కొన్ని నెలలుగా పెరుగుతున్న షేర్లు మరికొన్ని నెలలు పెరుగుతూ పోయే ధోరణిని నరసింహన్ జెగదీశ్, షెరిడన్ టిట్‌మన్ 1993లో చూపించారు. దానికి ఇచ్చిన వివరణల్లో ఇది ఒకటి. అది ఒక్కటే కారణమని నేననను, కానీ నాకు బాగా నమ్మకం కుదిరింది మాత్రం దీనిమీదే.

కాలాన్ని కాస్త సాగదీస్తే బొమ్మ తిరగబడుతుంది. వెర్నర్ డి బాండ్, రిచర్డ్ థేలర్ 1985లో, మూడేళ్లుగా బాగా నష్టపోయిన షేర్ల గుంపునీ బాగా లాభపడిన షేర్ల గుంపునీ పోల్చారు. తర్వాతి మూడేళ్లలో ఓడినవే గెలిచినవాటిని సుమారు 25 శాతం పాయింట్ల తేడాతో దాటేశాయి. వరుసగా మూడేళ్లు బాగుపడిన కంపెనీ ఎప్పటికీ అలాగే ఉంటుందని, చితికిన కంపెనీ ఇక లేవదని అందరూ ఒకే దిక్కున నమ్మేశారన్నమాట. మొదట్లో వార్తను తక్కువగా నమ్మి, ఆ తర్వాత దాన్నే పట్టుకుని అతిగా నమ్మడం రెండూ ఒకే మనుషుల్లో ఉంటాయి.

అతినమ్మకం గురించి పెద్దగా చెప్పక్కర్లేదు, ఒక్క లెక్క చాలు. ఓడీన్, బ్రాడ్ బార్బర్ కలిసి 1991-1996 మధ్య 66,465 కుటుంబాల ఖాతాలు చూశారు. అందరికంటే ఎక్కువగా కొంటూ అమ్ముతూ ఉన్నవారికి ఏడాదికి 11.4 శాతం వచ్చింది. అదే కాలంలో మార్కెట్ 17.9 శాతం ఇచ్చింది.

ధరే వార్తగా మారిపోయే రోజులు అన్నిటికంటే భయంకరమైనవి. 1987 అక్టోబర్ 19న అమెరికా డౌ జోన్స్ సూచీ ఒక్క రోజులో 22.6 శాతం పడింది. ఆ రోజు యుద్ధం రాలేదు, పెద్ద బ్యాంకేదీ కూలలేదు. రాబర్ట్ షిల్లర్ అనే అర్థశాస్త్రవేత్త వెంటనే మదుపరులకు ప్రశ్నపత్రాలు పంపి, ఆ రోజు మీ నిర్ణయంలో ఏ వార్త ముఖ్యమైందని అడిగారు. వారు అన్నిటికంటే ముఖ్యమని చెప్పింది ధరల పతనం గురించిన వార్తలనే. మార్కెట్ పడుతోంది కాబట్టి అమ్మారు, వారు అమ్మారు కాబట్టి మార్కెట్ ఇంకా పడింది. ధర తగ్గేకొద్దీ అమ్ముకుంటూ పోయేలా పెద్ద సంస్థలు ముందే పెట్టుకున్న ఆటోమేటిక్ పద్ధతులు దీనికి ఆజ్యం పోశాయి.

మరి తెలివైనవారు, డబ్బున్నవారు వచ్చి ఈ తప్పుల్ని ఎందుకు సరిదిద్దరు? పామ్ విషయంలో జవాబు తేలిక. ఎక్కువ ధర ఉన్న షేరును కిందికి లాగాలంటే దాన్ని ఎవరి దగ్గరైనా అరువు తెచ్చి అమ్మాలి. మార్కెట్లో ఉన్నవే 5 శాతం షేర్లు కాబట్టి అరువు దొరకడమే గగనమైంది. అందరికీ తెలిసిన తప్పును సరిదిద్దే దారే మూసుకుపోయింది.

దారి తెరిచి ఉన్నప్పుడు కూడా ప్రమాదమే. రాయల్ డచ్, షెల్ అనే రెండు కంపెనీలు తమ ఆదాయాన్ని 60:40 నిష్పత్తిలో పంచుకునేలా ఒప్పందం చేసుకున్నాయి. కాబట్టి మొత్తం విలువలు కూడా అదే నిష్పత్తిలో ఉండాలి. 1997లో రాయల్ డచ్ ధర ఉండాల్సినదానికంటే 8 నుంచి 10 శాతం ఎక్కువగా ఉండటం చూసి, లాంగ్ టర్మ్ క్యాపిటల్ మేనేజ్‌మెంట్ అనే ఫండ్ ఆ తేడా తగ్గుతుందని పెద్దఎత్తున పందెం వేసింది. ఆ ఏడాది అర్థశాస్త్ర నోబెల్ అందుకున్న ఇద్దరూ ఆ ఫండ్ భాగస్వాములే. 1998లో రష్యా అప్పులు ఎగ్గొట్టాక ప్రపంచమంతా భయం అలుముకుంది. తేడా తగ్గాల్సింది పోయి 20 శాతం దాటింది. అప్పు చేసి పందాలు కాసిన ఆ ఫండ్ కొద్ది నెలల్లోనే 460 కోట్ల డాలర్లు పోగొట్టుకుంది. చివరికి 14 పెద్ద బ్యాంకులు, సంస్థలు కలిసి దాన్ని ఆదుకోవాల్సి వచ్చింది. వారి లెక్క తప్పు కాదు. రెండు కంపెనీలూ 2005లో ఒకటైపోయాయి, ఆ తేడాకు అర్థమే లేకుండా పోయింది. కానీ అంతదాకా ఓపిక పట్టే డబ్బు వారి దగ్గర లేదు.

అందుకే ‘ధర తప్పు’ అనడమూ ‘తేలిగ్గా డబ్బు చేసుకోవచ్చు’ అనడమూ ఒకటి కాదు. మార్కెట్‌ను ఏళ్ల తరబడి ఓడించడం నిపుణులకే కష్టమని ఫామా చెప్పింది నిజం. డివిడెండ్లలో వచ్చిన మార్పులు సమర్థించగలిగే దానికంటే ధరలు ఎంతో ఎక్కువగా ఊగిసలాడతాయని 1981లో షిల్లర్ చూపించిందీ నిజం. 2013లో నోబెల్ కమిటీ ఇద్దరికీ ఒకే బహుమతి పంచినప్పుడు కొందరు ఆశ్చర్యపోయారు గానీ, నాకు అందులో వైరుధ్యం కనిపించదు.

స్మిత్ ప్రయోగంలో ఇంకో భాగం ఉంది. అదే మనుషులను తీసుకొచ్చి అదే ఆట మళ్లీ ఆడిస్తే బుడగ చిన్నదైంది. మూడోసారి ఆడించేసరికి దాదాపు మాయమై, ధర అసలు విలువను అంటిపెట్టుకుని నడిచింది. పక్కవాళ్లు ఎలా ప్రవర్తిస్తారో అప్పటికి అందరికీ అనుభవమైంది. చాలాకాలం ఇది ఊరటనిచ్చే ఫలితంగా చెలామణీ అయింది. ఆ తర్వాత రేష్మాన్ హుస్సామ్, డేవిడ్ పోర్టర్‌లతో కలిసి స్మిత్ 2008లో మరో ఫలితం ప్రచురించారు. బాగా అనుభవం సంపాదించిన ఆటగాళ్ల చేతే ఆడిస్తూ, ఆటలోకి వచ్చే డబ్బు పెంచి, డివిడెండ్ ఎంత వస్తుందో చెప్పలేనట్టు అనిశ్చితిని పెంచారు. బుడగ మళ్లీ లేచింది.