"పుయోల్ అయితే ఆగేవాడా సర్?": మోకాలి నొప్పి మీద అపోహలు - వాస్తవాలు

ఫుట్‌బాల్ ఆడే పిల్లలకి ఫిజియోగా ట్రీట్‌మెంట్ ఇస్తుంటా. డిఫెండర్‌గా (ప్రత్యర్థిని గోల్ కొట్టనీయకుండా అడ్డుకునేవాడిగా) ఆడే పిల్లాడు వచ్చి, నేను ఆట ఆపమన్నానంటే పైనున్న ఈ ప్రశ్న వచ్చినట్టే. పుయోల్ అంటే స్పెయిన్‌కి, బార్సిలోనా క్లబ్‌కి ఆడిన పేరున్న డిఫెండర్. మొన్న పదిహేనేళ్ల కుర్రాడొకడు రెండు నెలలు నొప్పి దాచి ఆడి ఆడి వచ్చాడు, టేపు పెట్టి కొలిస్తే ఒక మోకాలు రెండోదానికంటే 2 సెంటీమీటర్లు లావుంది, పక్కగా వేలితో నొక్కగానే బెడ్ మీద దుప్పటి గట్టిగా పట్టుకున్నాడు గానీ నోరు మాత్రం విప్పలేదు.

అపోహ: కార్లెస్ పుయోల్ నొప్పిని లెక్కచేయకుండా ఆడాడు, అందుకే అంతటోడయ్యాడు.

వాస్తవం: మొండోడే, కాదనను. కానీ మీరు సగం కథే విన్నారు. 2011లో యూరప్ క్లబ్బుల పెద్ద టోర్నీ ఛాంపియన్స్ లీగ్ ఫైనల్‌కి అతనే బార్సిలోనా కెప్టెన్, అయినా బెంచి మీద కూర్చుని 88వ నిమిషంలో దిగాడు, ఎందుకంటే ఆ సీజన్లో మోకాలు నెలల తరబడి పక్కన కూర్చోబెట్టింది. జూన్‌లో ఆపరేషన్. 2012 మేలో మళ్లీ మోకాలికే ఆపరేషన్, దాంతో యూరో కప్ పోయింది. అదే ఏడాది అక్టోబర్‌లో పోర్చుగల్ క్లబ్ బెన్ఫికాతో మ్యాచ్‌లో మోచెయ్యి కీలు తప్పిన వీడియో పిల్లలందరి ఫోన్లలో ఉంటుంది, అతను స్ట్రెచర్ మీద బయటికెళ్లి వారాల తరబడి ఆడలేదన్నది మాత్రం ఎవరూ చెప్పరు. 2013లో మళ్లీ మోకాలే. చివరికి 2014 మార్చి 4న, కాంట్రాక్ట్ ఇంకా రెండేళ్లుండగానే, ఆ సీజన్‌తో క్లబ్ వదిలేస్తున్నానని చెప్పేశాడు, ఆపరేషన్ల తర్వాత మునుపటి స్థాయి అందుకోలేకపోతున్నానని. అంత పెద్ద క్లబ్ డాక్టర్లు వెంట ఉండి కూడా!

మరి నొప్పి దాచుకుని సందులో దొరికిన నొప్పి స్ప్రే కొట్టుకుని ఆడే మనోడి మోకాలి గతేంటి? వాపొచ్చినా, మడత పెడితే ఇరుక్కుపోయినా, నడుస్తుంటే కాలు జారిపోతున్నట్టనిపించినా ఆ రోజే ఆట ఆపి చూపించండి.

భయం నాకు అర్థమవుతుంది. డాక్టర్ దగ్గరికెళ్తే ఆపరేషన్ అంటారు, టీమ్‌లోంచి తీసేస్తారు అని. ఎదిగే పిల్లల్లో మోకాలి చిప్ప కింద వచ్చే నొప్పి చాలావరకు ఆట తగ్గించి, తొడ కండరాలకి ఎక్సర్‌సైజులు చేయిస్తేనే తగ్గుతుంది. తల్లిదండ్రులూ, పిల్లాడు కుంటుతుంటే "నాటకాలు" అనకండి దయచేసి.

మిగతావి గబగబా చెప్పేస్తా. పొట్టోడు సెంటర్ బ్యాక్ (గోల్ ముందు మధ్యలో నిలబడే డిఫెండర్) కాలేడా? పుయోల్ 178 సెంటీమీటర్లే, 2010 వరల్డ్ కప్ సెమీస్‌లో జర్మనీ మీద తోటి ఆటగాడు షావి కొట్టిన కార్నర్‌ని 73వ నిమిషంలో తలతో కొట్టి స్పెయిన్‌ని గెలిపించింది అతనే. పదేళ్లలోపే పెద్ద అకాడమీలో చేరకపోతే అయిపోయినట్టేనా? అతను బార్సిలోనా అకాడమీ లా మాసియాకి వచ్చింది 17 ఏళ్లకి, అదీ మిడ్‌ఫీల్డర్‌గా. ఊళ్లో చిన్నప్పుడైతే గోల్‌కీపర్ కూడా.

ఆ కుర్రాడికి ఇప్పుడు ఆరో వారం, వాపు పోయింది. నిన్న మెట్లు దిగుతూ రెయిలింగ్ వదిలేసి నావైపు చూశాడు, వాళ్ల నాన్న పైమెట్టు మీదే నిలబడిపోయాడు.