డిమాండ్ నిర్వహణ: అపోహలు - వాస్తవాలు (ఆటోనగర్, మిర్చి యార్డు లెక్కలతో)

ప్రభుత్వం తన ఖర్చు, పన్నులతోనూ, రిజర్వు బ్యాంకు వడ్డీ రేటుతోనూ దేశంలోని మొత్తం గిరాకీని పెంచడమో తగ్గించడమో చేస్తే అది డిమాండ్ నిర్వహణ. ఈ ఆలోచనకు మూలపురుషుడు బ్రిటిష్ ఆర్థికవేత్త కీన్స్. విజయవాడ, గుంటూరుల్లో డిగ్రీకి, గ్రూప్స్‌కి ఎకనామిక్స్ చెప్పేవాళ్లకు దీని మీద ఏటా ఎదురయ్యే మాటలివి. కొన్ని కీన్స్‌ను నెత్తిన పెట్టుకునేవాళ్లవి, కొన్ని తిట్టిపోసేవాళ్లవి. ఇద్దరూ జబ్బేమిటో అడక్కుండానే మందు మీద కొట్లాడతారు.

అపోహ: మిర్చి రేటు పడిందంటే డిమాండ్ పడినట్టు. ప్రభుత్వం డబ్బు దించితే సరి.

ఒక సరుకు గిరాకీ వేరు, దేశం మొత్తంలో అన్ని సరుకులకూ సేవలకూ కలిపి ఉండే సమష్టి డిమాండ్ వేరు. 2025 ఫిబ్రవరిలో మిర్చి ధర పడిపోయినప్పుడు కేంద్రం మార్కెట్ జోక్య పథకం కింద క్వింటాలుకు 11,781 రూపాయలు ప్రకటించింది. అది రైతుకు ధర మద్దతు. డిమాండ్ నిర్వహణ ఖాతాలో వేయకూడదు.

దీనికి సరిగ్గా తిరగేసిన ఉదాహరణ 2021-22. నల్ల తామర పురుగు పూత మీద పడి తోటలకు తోటలే పోయాయి, తేజ రకం క్వింటాలు 20 వేలు దాటింది. ఇది సరఫరా దెబ్బ. రిజర్వు బ్యాంకు రెపో రేటు (బ్యాంకులకు తానిచ్చే అప్పు మీద వడ్డీ) ఎంత పెంచినా ఒక్క పురుగు కూడా చావదు. మరి రేటు పెంచడం దేనికి? కూర ఖర్చు పెరిగిందని కూలి, కూలి పెరిగిందని హోటల్ భోజనం, భోజనం పెరిగిందని ఆటో చార్జీ... ఈ రెండో విడత పాకకుండా ఆపడానికి. 2012 ఆధార సంవత్సరపు వినియోగదారుల ధరల సూచీలో ఆహారం, పానీయాల వాటా 45.86 శాతం ఉండేది. అంచేత మన దేశంలో 4 శాతం ద్రవ్యోల్బణ లక్ష్యం (అటూ ఇటూ 2) పెట్టుకున్న కేంద్ర బ్యాంకుకు ఈ తలనొప్పి తప్పదు. విమర్శకులు ఇక్కడ పట్టుకున్న లోపం నిజమైనదే.

అపోహ: లోటు పెట్టి ఖర్చు చేస్తే ధరలు పెరుగుతాయే తప్ప ఉత్పత్తి పెరగదు.

విజయవాడ ఆటోనగర్‌లో లారీ బాడీ కట్టే షెడ్డు చూడండి. వెల్డింగ్ సెట్టుంది, కర్ర ఉంది, రేకుంది. వెల్డరు, కార్పెంటరు, పెయింటరు టీ కొట్టు దగ్గరున్నారు. లేనిది చాసిస్ (బాడీ కట్టాల్సిన లారీ చట్రం) ఒక్కటే, అంటే ఆర్డరు. ఇలాంటి చోటికి ఆర్డరొస్తే ముందు పెరిగేది పని, రేటు కాదు. అదే షెడ్డులో రెండు షిఫ్టులు నడుస్తూ వెల్డరు దొరక్క వెతుకుతుంటే, కొత్త ఆర్డరు కూలి రేటునే పెంచుతుంది. సిద్ధాంతం మొత్తం ఈ తేడా మీదే నిలబడింది: వాడకుండా పడి ఉన్న సామర్థ్యం ఉందా, లేదా?

2008 సంక్షోభంలో చేసింది ఇదే. ఎక్సైజ్ సుంకం 14 నుంచి 10కి, తర్వాత 8 శాతానికి తగ్గించారు. 2009 జనవరి నుంచి మార్చి లోపు కొన్న వాణిజ్య వాహనాల మీద 50 శాతం తరుగుదలను పన్ను లెక్కలో ఖర్చుగా చూపించుకోనిచ్చారు. లారీ కొందామా వద్దా అని ఊగుతున్న యజమానిని ‘ఇప్పుడే కొను’ అని తోసే ఏర్పాటిది. గడువు ఉండటమే అందులోని కిటుకు. రెపో 9 నుంచి 4.75 శాతానికి దిగింది.

తప్పు జరిగింది ఉపసంహరణలో. కేంద్రం కోశలోటు (పేపర్లు ద్రవ్యలోటు అనేది దీన్నే) 2007-08లో జీడీపీలో 2.5 శాతం ఉన్నది మరుసటి ఏడాది 6 శాతానికి ఎగబాకింది. మందు ఆపాల్సిన సమయానికి ఆపలేదు. కరవు కూడా తోడై 2009-10లో చిల్లర ద్రవ్యోల్బణం రెండంకెలకు చేరింది. పెంచడం రాజకీయంగా సులువు, తగ్గించడం కష్టం. డిమాండ్ నిర్వహణను సమర్థించేవాళ్లు దీనికి ఇప్పటికీ గట్టి జవాబు చెప్పలేకపోతున్నారనే మా అభిప్రాయం.

అపోహ: 100 పెడితే 500 అవుతుంది.

పెట్టిన ఖర్చు చేతులు మారుతూ మొత్తం ఆదాయాన్ని ఎన్ని రెట్లు పెంచుతుందో చెప్పేది గుణకం. చేతికొచ్చిన ప్రతి 100లో 80 మళ్లీ ఖర్చవుతుందనుకుని 1/(1-0.8) = 5 అని పరీక్షలో రాస్తే మార్కులు పడతాయి. బయట ఈ లెక్క నడవదు, కారుతుంది. కూలికి 100 వచ్చాయనుకుందాం. రకరకాల పన్నులకు 15 పోతే 85. అందులో 80 శాతం ఖర్చు, అంటే 68. అందులో 20 దిగుమతులకు పోతే దేశంలో తిరిగేది 48. గుణకం 1/(1-0.48), సుమారు 1.9. విజయవాడ వరకే చూస్తే ఇంకా సన్నం: ఆ 68లో 60 ఊరి బయటి సరుకుకే పోతుందనుకోండి, మిగిలేది 8, గుణకం 1.09.

దేని మీద ఖర్చు పెట్టామన్నదీ ముఖ్యమే. జాతీయ ప్రజా ఆర్థిక, విధాన సంస్థ 2013 అధ్యయనంలో మూలధన వ్యయానికి (రోడ్లు, కాలువల వంటివి) గుణకం 2.45, బదిలీ చెల్లింపులకు (జనం చేతికి నేరుగా ఇచ్చే డబ్బు) 0.98 వచ్చింది. అలాగని పంపిణీ దండగ అనేయకండి. 2020లో ఉపాధి హామీకి బడ్జెట్లో పెట్టిన 61,500 కోట్లకు మరో 40 వేల కోట్లు కలిపారు. ఆ కష్టకాలంలో కూలికి డబ్బు చేరిన దారుల్లో అదొకటి.

గుణకం మీద మన దేశంలో పుట్టిన గట్టి విమర్శ ఆర్థికవేత్త వి.కె.ఆర్.వి. రావుది. కేంబ్రిడ్జిలో కీన్స్ దగ్గరే చదివిన మనిషి. 1952లో ఆయన అన్నదాని సారం: మన దేశంలో నిరుద్యోగం ఎక్కువగా పొలాల్లో దాగిన ప్రచ్ఛన్న నిరుద్యోగిత (పనిలో ఉన్నట్టే కనిపించే, అవసరానికి మించిన చేతులు), పంట ఉత్పత్తి అడగ్గానే పెరగదు, కాబట్టి చేతికొచ్చిన డబ్బు తిండిగింజల ధర మీదే పడుతుంది. నేటి ఆటోనగర్‌కు ఇది పూర్తిగా వర్తించదు. కూరగాయల మార్కెట్‌కు ఇంకా చాలావరకు వర్తిస్తుంది.

అపోహ: 1970లలోనే ఈ సిద్ధాంతం చచ్చిపోయింది.

చచ్చింది ఒక ముక్క. 1958లో ఆర్థికవేత్త ఫిలిప్స్ బ్రిటన్ లెక్కలతో గీసిన రేఖను కొందరు మెనూ కార్డులా వాడారు: కాస్త ద్రవ్యోల్బణం ఇస్తే అంత నిరుద్యోగం తగ్గుతుందని. జనం ధరల పెరుగుదలను ముందే అంచనా వేసి జీతాలు అడగడం మొదలెడితే ఆ బేరం కుదరదని ఆర్థికవేత్తలు ఫ్రీడ్‌మన్, ఫెల్ప్స్ ముందే హెచ్చరించారు. 1973 చమురు దెబ్బతో ధరలూ నిరుద్యోగమూ కలిసి పెరిగాయి. విధానం మారితే జనం ప్రవర్తనా మారుతుంది కాబట్టి పాత సంబంధాలతో కొత్త విధానాన్ని తూచొద్దని 1976లో మరో ఆర్థికవేత్త లూకాస్ అన్నాడు. ఈ విమర్శలను కీన్స్ వారసులు మింగి జీర్ణం చేసుకున్నారు. ఇవాళ రిజర్వు బ్యాంకులో ఆరుగురు సభ్యుల కమిటీ రేటు తేల్చేటప్పుడు చేసేది డిమాండ్ నిర్వహణే, అంచనాలను లెక్కలోకి తీసుకున్న రూపంలో.

అపోహ: కీన్స్ అంటే ఎప్పుడూ లోటే.

కాదు. 1940లో, యుద్ధ ఖర్చుతో డిమాండ్ పొంగుతున్నప్పుడు, జీతంలో కొంత తప్పనిసరిగా దాచి యుద్ధం అయ్యాక ఇవ్వాలని ప్రతిపాదించింది ఆయనే.

అపోహ: జీవో వస్తే డిమాండ్ పుట్టినట్టే.

జీవో, పరిపాలనా ఆమోదం, అంచనాలు, టెండరు, అగ్రిమెంటు, పని, కొలతల పుస్తకంలో నమోదు, బిల్లు, చెల్లింపు. డిమాండ్ పుట్టేది కూలికి, సిమెంటు కొట్టుకు డబ్బు ముట్టినప్పుడు. బిల్లు ఆగితే కాంట్రాక్టరు అప్పు తెచ్చి నెట్టుకొస్తాడు, వడ్డీకే లాభం పోతుంది, తర్వాతి పనికి వెనకాడతాడు. అందుకే మాంద్యం వచ్చాక కొత్త ప్రాజెక్టు గీయడం కన్నా, అగ్రిమెంటు అయి ఆగిన పనుల బిల్లులు కట్టేయడం త్వరగా పనిచేస్తుంది.

వడ్డీ దారిలోనూ ఇదే జాప్యం. 2019 అక్టోబరు నుంచి బ్యాంకుల కొత్త ఫ్లోటింగ్ గృహ రుణాలు, చిన్న పరిశ్రమల రుణాలు రెపో వంటి బయటి ప్రమాణానికి ముడిపడ్డాయి, మూడు నెలల్లోపు మారాలి. ఫైనాన్స్ కంపెనీలకు ఆ నిబంధన లేదు. వాటి దగ్గర స్థిర వడ్డీకి తీసుకున్న లారీ లోను కిస్తీ, రెపో తగ్గిందని తగ్గదు.

ఇక రాష్ట్ర ప్రభుత్వమే డిమాండ్‌ను నిలబెట్టాలనేవాళ్లు రాజ్యాంగంలోని 293(3) చదవాలి. కేంద్రానికి బాకీ ఉన్న రాష్ట్రం కొత్త అప్పుకు కేంద్రం అనుమతి తీసుకోవాలి. మందగమనంలో రాష్ట్రానికి రాబడి పడుతుంది, అప్పుకు పరిమితి అడ్డొస్తుంది, జీతాలూ పింఛన్లూ ఆపలేదు. కోత పడేది రోడ్లు, కాలువల పనులకే. అంటే ఆటోనగర్ షెడ్లు ఖాళీగా ఉన్న ఏడాదే టిప్పర్లకూ పని తగ్గుతుంది.