కోపానికి చట్టం పెట్టిన గడువు

2025లో మీరట్, మేఘాలయ హత్య కేసుల్లో భార్యలు నిందితులైనప్పటి నుంచి శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో ఎక్కడ ఏ భర్త అనుమానాస్పదంగా మరణించినా, శవ పంచనామా పూర్తికాకముందే ప్రియుడెవరన్న ఆరా మొదలవుతోంది. ప్రియుడి కోసమో, ఆస్తి కోసమో చేసిన హత్యలు ఉన్నాయి, వాటికి ఎవరూ మినహాయింపు కోరడం లేదు. ఏళ్ల తరబడి దెబ్బలు తిన్న స్త్రీని కూడా అదే గాటన కట్టడమే అసలు అన్యాయం. దీని మూలాలు 1961 నాటి నానావతి తీర్పులో ఉన్నాయి.

ఆ కేసులో నిందితుడు నౌకాదళ అధికారి. మధ్యాహ్నం 1.30కి ఇల్లు విడిచి, 4.20కి భార్య ప్రియుణ్ని కాల్చి చంపాడు. ఆ మూడు గంటలు కోపం చల్లారడానికి చాలునని, కాబట్టి శిక్షాస్మృతి 300వ సెక్షన్‌లోని 'తీవ్రమైన, ఆకస్మికమైన' ప్రేరేపణ అన్న, హత్యను తక్కువ నేరంగా పరిగణించే మినహాయింపు ఆయనకు వర్తించదని సుప్రీంకోర్టు తేల్చింది. ఆయన విషయంలో అది సబబే. అయితే దెబ్బ పడుతున్న క్షణంలో తిరగబడితే తన ప్రాణమే పోతుందని తెలిసిన స్త్రీ, తాగొచ్చిన మనిషి నిద్రపోయేదాకా ఆగుతుంది. చేతికందిన రోకలిబండో, పొలానికని తెచ్చిన పురుగుమందో ఆయుధమవుతుంది. ఆమె భయంతో ఆగిన ఆ కాస్త సమయమే ఛార్జిషీటులో ముందస్తు పథకమై కూర్చుంటుంది.

పిల్లలతో బావిలో దూకి తాను మాత్రమే బతికిన తల్లి కేసులో 1989లో మద్రాసు హైకోర్టు, దీర్ఘకాలం సాగిన వేధింపును కూడా ప్రేరేపణగా గుర్తించింది. పిల్లల్ని చంకనేసుకుని నూతిలో దూకిన తల్లుల వార్తలు చదివే మనకు ఆ తీర్పు దూరపుది కాదు. తాగి కర్రతో కొట్టే భర్తను అదే కర్రతో కొట్టి చంపిన భార్య కేసులో 2013లో గౌహతి హైకోర్టు హత్యానేరాన్ని తగ్గించింది. ఇంగ్లండ్‌లో 1989లో నిద్రిస్తున్న భర్తకు నిప్పంటించిన కిరణ్‌జిత్ అహ్లూవాలియాపై హత్యానేర నిర్ధారణను 1992లో కొట్టివేశారు. ఆమె కేసు లేవనెత్తిన చర్చ సాగి సాగి, నిగ్రహం కోల్పోవడం ఆకస్మికంగానే జరగాలన్న షరతును 2009 చట్టం తొలగించింది.

మన దగ్గర 1860 నాటి శిక్షాస్మృతి స్థానంలో 2024 జూలై 1న కొత్త న్యాయసంహిత అమల్లోకి వచ్చింది. హత్యను నిర్వచించే దాని 101వ సెక్షన్‌లో 'ఆకస్మిక' అన్న మాట 1860లో రాసినట్టే ఉంది.