జూన్ బ్రౌన్ అనే బ్రిటన్ సీరియల్ నటి, మా పని మీద ఉన్న కొన్ని అపోహలు

నేను తెలుగు సీరియళ్ళలో అమ్మ, అత్త, పిన్ని వేషాలు వేసే ఆర్టిస్టుని. మా పని గురించి బయట చాలా మాటలు వింటుంటాను. చాలావరకు ప్రేమతోనే అంటారు, కానీ అందులో తప్పులు ఎక్కువ. కొత్తగా వస్తున్న పిల్లలు కూడా అవే నమ్మి వస్తున్నారు. ఆ అపోహలను విడమరిచి చెప్పడానికి నాకు జూన్ బ్రౌన్ జీవితం కన్నా మంచి ఉదాహరణ కనబడలేదు.

బీబీసీలో 1985 ఫిబ్రవరి 19న మొదలై ఇప్పటికీ నడుస్తున్న సీరియల్ ఈస్ట్‌ఎండర్స్. తూర్పు లండన్‌లో వాల్‌ఫర్డ్ అనే కల్పిత పేట కథ అది. అందులో డాట్ కాటన్ పాత్రను జూన్ బ్రౌన్ 1985 జూలైలో మొదలుపెట్టి, మధ్యలో నాలుగేళ్ళు ఆపి, మళ్ళీ వచ్చి 2020 వరకు వేశారు. డాట్ లాండ్రీ షాపులో పనిచేసే పెద్దావిడ. బైబిల్ వాక్యాలు చెబుతుంది, వేళ్ళ మధ్య సిగరెట్ ఉంటుంది, ఊళ్ళో వాళ్ళ విషయాలన్నీ ఆవిడకే కావాలి, కొడుకు మాత్రం పరమ దుర్మార్గుడు.

అపోహ: నాటకాల్లో, సినిమాల్లో నిలబడలేనివాళ్ళే సీరియళ్ళకు వస్తారు.

వాస్తవం: జూన్ బ్రౌన్ 1927 ఫిబ్రవరి 16న ఇంగ్లండ్‌లోని సఫోక్ ప్రాంతంలో, నీడమ్ మార్కెట్ అనే చిన్న ఊళ్ళో పుట్టారు. రెండో ప్రపంచ యుద్ధంలో నౌకాదళ మహిళా విభాగంలో పనిచేశారు. యుద్ధం తర్వాత లండన్‌లోని ఓల్డ్ విక్ నాటక పాఠశాలలో శిక్షణ తీసుకున్నారు. స్టేజీ మీద ఇబ్సెన్ నాటకంలోని హెడ్డా గాబ్లర్, షేక్‌స్పియర్ నాటకంలోని లేడీ మక్‌బెత్ లాంటి పాత్రలు వేశారు. ఆడవాళ్ళకు రాసిన పాత్రల్లో ఇంతకన్నా బరువైనవి ఎన్నో ఉండవు.

ఆ తరం బ్రిటన్ నటులకు రెపర్టరీ నాటక సంఘాలే పెద్ద బడి. ఒక నాటకం రాత్రి ఆడుతుంటే, పగలు తర్వాతి నాటకానికి రిహార్సల్స్ జరిగేవి. వారానికో, రెండు వారాలకో కొత్త పాత్ర. త్వరగా కంఠస్థం చేయడం, తక్కువ సమయంలో మనిషిని పట్టుకోవడం అక్కడే అలవాటయ్యేవి. సీరియల్‌కు కావలసింది సరిగ్గా అదే. బ్రిటన్‌లోనే కారొనేషన్ స్ట్రీట్ అనే ఇంకో సీరియల్లో హిల్డా ఆగ్డెన్‌గా 1964 నుంచి 1987 దాకా నటించిన జీన్ అలెగ్జాండర్‌ది కూడా ఇదే దారి. ఆవిడ లివర్‌పూల్‌లో లైబ్రరీ ఉద్యోగం చేసి, తర్వాత రెపర్టరీ నాటకాల్లో ఏళ్ళ తరబడి నటించి టీవీకి వచ్చారు. వాళ్ళు పెద్ద చదువు చదివి వచ్చారు. ఆ చదువుకు సర్టిఫికెట్ ఉండదు, అంతే.

అపోహ: ముప్పై దాటేలోపు పేరు రాకపోతే ఇక రాదు.

వాస్తవం: డాట్ పాత్ర మొదలైనప్పుడు జూన్ బ్రౌన్ వయసు 58. అప్పటిదాకా టీవీలో ఆవిడవన్నీ చిన్న పాత్రలే. 1970లో కారొనేషన్ స్ట్రీట్‌లో కాసేపు కనిపించారు, 1973లో డాక్టర్ హూ అనే సైన్స్ ఫిక్షన్ సీరియల్లో ఒక కోట యజమానురాలిగా వేశారు. ఇంట్లో జీవితం తేలికగా ఏమీ గడవలేదు. మొదటి భర్త, నటుడు జాన్ గార్లీ 1957లో ఆత్మహత్య చేసుకున్నారు. మరుసటి ఏడాది నటుడు రాబర్ట్ ఆర్నాల్డ్‌ను పెళ్ళి చేసుకున్నారు. ఆరుగురు పిల్లలు పుట్టారు. ఒక పాప నెలలు నిండకుండా పుట్టి కొద్ది రోజులకే చనిపోయింది. ఈ బాధల మధ్యే ఆవిడ దొరికిన వేషం వేసుకుంటూ వచ్చారు.

ఈస్ట్‌ఎండర్స్‌కు ఆవిడ పేరు సూచించింది అదే సీరియల్లో డెన్ వాట్స్ పాత్ర వేస్తున్న లెస్లీ గ్రాంథమ్. మొదట ఇచ్చింది మూడు నెలల కాంట్రాక్టు. నిక్ కాటన్ అనే విలన్‌కు తల్లి, అంతవరకే. ఆ మూడు నెలల వేషంలో ఏం చేశారో గానీ, రచయితలు ఆవిడను వదులుకోలేకపోయారు. చిన్న వేషం అని తేలిగ్గా తీసుకునే పిల్లలకు నేను ముందుగా చెప్పేది ఈ మూడు నెలల సంగతే.

అపోహ: సీరియల్లో నటించక్కర్లేదు, మనం మనలా ఉంటే చాలు.

వాస్తవం: చూసేవాళ్ళు నటిని పాత్ర పేరుతోనే పిలుస్తారు. అది బ్రిటన్‌లోనూ అంతే, మా దగ్గరా అంతే. నెగటివ్ రోల్ వేసిన అమ్మాయిని కూరగాయల బజారులో తిట్టిన సంఘటనలు మా అందరికీ తెలుసు. జూన్ బ్రౌన్‌కు డాట్‌తో పోలికలు ఉన్నమాట నిజమే. ఆవిడా సిగరెట్లు తాగేవారు, ఆవిడకూ దైవభక్తి ఉంది. కానీ డాట్ ప్రపంచమంతా ఆ లాండ్రీ, ఆ చర్చి, ఆ సందు. జూన్ బ్రౌన్ షేక్‌స్పియర్ ఆడి వచ్చిన మనిషి. అంత చదువును దాచేసి, అంత ఇరుకు మనిషిగా మూడు దశాబ్దాలు నమ్మించడం ఎంత కష్టమో వేషం వేసినవాళ్ళకే తెలుస్తుంది.

ఇందులో ఇంకో కష్టం ఉంది. సినిమాలో పాత్ర రెండున్నర గంటల్లో ముగుస్తుంది. సీరియల్లో ఇరవై ఏళ్ళ క్రితం మీరు చెప్పిన మాట కూడా ప్రేక్షకుడికి గుర్తుంటుంది. రచయితలు మారిపోతారు, ప్రొడ్యూసర్లు మారిపోతారు. ఆ మనిషి ఇలాంటి మాట అంటుందా, అనదా అని చెప్పగలిగేది చివరికి ఆ నటి ఒక్కతే. జూన్ బ్రౌన్ 1993లో సీరియల్ వదిలి వెళ్ళడానికి కారణం డాట్ పాత్ర నడుస్తున్న తీరు నచ్చకపోవడమే. 1997లో తిరిగి వచ్చారు. నెలనెలా వచ్చే జీతం కన్నా పాత్ర నడతకు విలువ ఇచ్చిన మనిషిగా నాకు ఆవిడంటే గౌరవం.

అపోహ: అక్కడా పొద్దున్నే సీన్ పేపర్ చేతికిచ్చి, పక్కనుంచి ప్రాంప్టింగ్ చెబుతారు.

వాస్తవం: మా దగ్గర ప్రాంప్టింగ్ చాలా మామూలు. చాలామంది హీరోయిన్లు కర్ణాటక నుంచి వస్తారు, వాళ్ళకు గొంతు ఇంకొకరిది. దానికి దాని కష్టాలున్నాయి, నేను ఎవరినీ తక్కువ చేయను. ఈస్ట్‌ఎండర్స్ పద్ధతి వేరు. లండన్ దగ్గర బోర్‌హమ్‌వుడ్‌లో, ఎల్‌స్ట్రీ స్టూడియో ఆవరణలో కట్టిన సెట్‌లో షూటింగ్ జరుగుతుంది. స్క్రిప్టులు చాలా ముందుగా సిద్ధమవుతాయి. నటులు డైలాగ్ నేర్చుకుని వస్తారు, వాళ్ళ గొంతే అక్కడికక్కడ రికార్డవుతుంది. మొదట్లో వారానికి రెండే ఎపిసోడ్‌లు. 1994లో మూడయ్యాయి, 2001లో నాలుగయ్యాయి. ఎపిసోడ్ పెరిగినప్పుడల్లా రిహార్సల్‌కు దొరికే టైమ్ తగ్గుతుంది. ఆ టెన్షన్ ఏ దేశంలోనైనా ఒక్కటే.

అపోహ: గట్టిగా ఏడిస్తేనే పెద్ద నటన.

వాస్తవం: దీని గురించి కొంచెం ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే మా పరిశ్రమలో ఈ అపోహ వల్ల జరిగిన నష్టం అంతా ఇంతా కాదు.

1984లో కారొనేషన్ స్ట్రీట్‌లో హిల్డా భర్త స్టాన్‌గా వేస్తున్న బెర్నార్డ్ యూవెన్స్ నిజంగానే చనిపోయారు. కథలో కూడా స్టాన్ చనిపోయినట్టు చూపించారు. అంత్యక్రియల తర్వాత హిల్డా ఇంట్లో ఒంటరిగా కూర్చుని, ఆసుపత్రి నుంచి వచ్చిన భర్త సామాను మూట విప్పుతుంది. అందులో అతని కళ్ళజోడు పెట్టె కనిపిస్తుంది. అప్పటిదాకా బిగబట్టిన ఏడుపు అక్కడ బయటపడుతుంది. పొడవైన డైలాగు లేదు, మూడుసార్లు జూమ్ లేదు. జీన్ అలెగ్జాండర్ ఏడుపును ఎంతసేపు ఆపారన్నది చూడాలి. ప్రేక్షకుడు ఆ ఆగిన సేపే ఆవిడతో ఉంటాడు. 1987 క్రిస్మస్ రోజున ఆవిడ సీరియల్ వదిలి వెళ్ళే ఎపిసోడ్‌ను 2 కోట్ల 60 లక్షలకు పైగా జనం చూశారంటే, ఇలాంటి సీన్లు ఏళ్ళ తరబడి పోగుచేసిన అభిమానం అది.

ఇక జూన్ బ్రౌన్ సంగతి. డాట్ రెండో భర్త జిమ్‌గా వేసే జాన్ బార్డన్‌కు 2007లో పక్షవాతం వచ్చింది. కథలో జిమ్‌కు కూడా పక్షవాతం వచ్చినట్టు రాశారు. 2008 జనవరి 31న వచ్చిన ఎపిసోడ్‌లో, దాదాపు అరగంటపాటు తెర మీద డాట్ ఒక్కతే ఉంటుంది. ఆసుపత్రిలో ఉన్న భర్త కోసం క్యాసెట్‌లో మాటలు రికార్డు చేస్తుంది. టోనీ జోర్డన్ రాశారు. అప్పుడు జూన్ బ్రౌన్ వయసు 80. బ్రిటన్ సీరియళ్ళలో ఒకే మనిషితో నడిచిన మొదటి ఎపిసోడ్ అది.

నటులకు ఎదుటి మనిషి కళ్ళే ఆధారం. ఆ కళ్ళు లేకుండా, చిన్న టేప్ రికార్డర్ ముందు కూర్చుని ఒక పాత్ర తన బతుకంతా చెప్పుకోవాలి. యుద్ధకాలంలో చిన్నపిల్లగా వేల్స్‌కు పంపితే అక్కడ దొరికిన ఆప్యాయత, భర్తను ఇంటికి తెచ్చుకుని చాకిరీ చేయగలనా అన్న భయం, ఆ భయం ఉన్నందుకు సిగ్గు, ఇవన్నీ అందులో ఉన్నాయి. భర్తకు చెబుతున్న మాట ఎక్కడ ఆగిందో, తనలో తాను మాట్లాడుకోవడం ఎక్కడ మొదలైందో తేడా గొంతులోనే తెలియాలి. చెయ్యి ఖాళీగా ఉంటే అబద్ధంలా కనిపిస్తుంది, చేతికి మరీ పని ఎక్కువైతే మాట పోతుంది. ఆ తూకం వానాకాలంలో గొడుగు పట్టుకున్నంత సహజంగా కుదరాలి. ఆవిడ సొంత భర్త రాబర్ట్ ఆర్నాల్డ్ 2003లో, మతిమరుపు తెచ్చే జబ్బుతో చనిపోయారు. మంచాన పడ్డ భర్త గురించి మాట్లాడటం ఎలా ఉంటుందో ఆవిడకు ఎవరూ నేర్పక్కర్లేదు.

ఆ ఎపిసోడ్‌కు 2009లో, బ్రిటన్ సినిమా, టీవీ రంగాల పెద్ద అవార్డు బాఫ్టాకు ఉత్తమ నటి విభాగంలో ఆవిడకు నామినేషన్ వచ్చింది. అవార్డు అన్నా మ్యాక్స్‌వెల్ మార్టిన్‌కు వెళ్ళింది. కానీ 1988లో జీన్ అలెగ్జాండర్‌కు వచ్చాక, సీరియల్ పాత్రకు ఆ విభాగంలో నామినేషన్ రావడం మళ్ళీ అప్పుడే. ఇరవై ఏళ్ళకు పైగా గ్యాప్. ఇంత గొప్ప నటులున్న చోట కూడా సీరియల్‌ను అంతకాలం పక్కన పెట్టారని నాకు కోపం వస్తుంది.

అపోహ: సీరియళ్ళలో కుట్రలూ పాములూ తప్ప జీవితం ఉండదు.

వాస్తవం: ఈస్ట్‌ఎండర్స్‌లో 2000లో డాట్ తన ప్రాణ స్నేహితురాలు ఎథెల్‌కు చనిపోవడానికి సాయం చేస్తుంది. ఎథెల్‌ది నయం కాని క్యాన్సర్. డాట్‌కేమో అది దేవుడి దృష్టిలో పాపం. ఎథెల్‌గా వేసిన గ్రెచెన్ ఫ్రాంక్లిన్‌కు అప్పటికి 89 ఏళ్ళు. ఇద్దరు ముసలమ్మలు ఒక గదిలో కూర్చుని చావు గురించి మాట్లాడుకునే సీన్‌ను ప్రైమ్ టైమ్‌లో దేశమంతా చూసింది. అదే సీరియల్లో 1991లో మార్క్ ఫౌలర్ అనే కుర్రాడికి హెచ్‌ఐవీ ఉందని చూపించారు. ఏళ్ళ తరబడి అతన్ని బతికించి, పని చేయించి, పెళ్ళి చేయించి చూపించారు. సినిమాకు అంత టైమ్ ఎక్కడిది?

అపోహ: కళ్ళూ కాళ్ళూ బాగున్నంత కాలమే ఈ పని.

వాస్తవం: జూన్ బ్రౌన్‌కు చివరి ఏళ్ళలో కంటి రెటీనా దెబ్బతిని చూపు బాగా తగ్గింది, ఎదుటివాళ్ళ ముఖాలు గుర్తుపట్టడం కూడా కష్టమైంది. అయినా పని మానలేదు. 2015 ఫిబ్రవరిలో, సీరియల్ 30 ఏళ్ళ వేడుకల వారంలో, కొడుకు నిక్ డాట్ కళ్ళముందే చనిపోతాడు. సాయం కోసం పిలవకుండా అతన్ని దేవుడికి వదిలేస్తుంది, తర్వాత జైలుకు వెళ్తుంది. అప్పుడు నటి వయసు 88. ఆ వయసు అమ్మమ్మకు మనం ఎంత కథ రాస్తున్నాం? హారతి పళ్ళెం పట్టుకుని వెనక నిలబడే వేషం తప్ప?

2020లో ఆవిడ ఇక తిరిగి రానని చెప్పారు. 2022 ఏప్రిల్ 3న, 95 ఏళ్ళ వయసులో కన్నుమూశారు.

అపోహ: ఆర్టిస్టు లేకపోతే ఏముంది, ఇంకొకరిని పెట్టేస్తారు.

వాస్తవం: ‘ఇకపై ఈ పాత్రలో’ అని బోర్డు వేసి మనిషిని మార్చడం మా దగ్గర రోజూ జరిగేదే. బ్రిటన్‌లో కూడా మారుస్తారు, ముఖ్యంగా పిల్లల పాత్రలను. కానీ పెద్దవాళ్ళు ఏళ్ళ తరబడి నిలబెట్టిన పాత్రను అంత తేలిగ్గా ఇంకొకరి చేతికి ఇవ్వరు. యూవెన్స్ పోతే స్టాన్ పోయాడు. బార్డన్‌కు పక్షవాతం వస్తే జిమ్‌కూ వచ్చింది. ఈస్ట్‌ఎండర్స్‌లోనే నటించిన బార్బరా విండ్సర్‌కు 2014లో అల్‌జైమర్స్ అని తేలింది. 2016లో ఆవిడ వేసే పెగ్గీ మిచెల్ పాత్రకు కథలో మరణం రాశారు, జబ్బు సంగతి లోకానికి తెలిసింది 2018లో.

డాట్ విషయంలోనూ అదే చేశారు. 2020లో ఆమె ఐర్లండ్ వెళ్ళినట్టు చూపించారు. ఆ తర్వాత ఇంకో నటిని తేలేదు. జూన్ బ్రౌన్ పోయాక, 2022 డిసెంబర్ 12న డాట్ అంత్యక్రియల ఎపిసోడ్ వేశారు. ఎప్పుడో 1980లలో వేసిన లాఫ్టీగా టామ్ వాట్, కాలిన్‌గా మైకేల్ క్యాష్‌మన్ దాని కోసమే తిరిగి వచ్చి నటించారు. మన ఛానళ్ళవాళ్ళు ఒక్క సీనియర్ ఆర్టిస్టు విషయంలోనైనా ఇలా చేసి చూడాలని నా కోరిక. దానికి పెద్ద ఖర్చేమీ కాదు. కథలో కాస్త చోటు, పాత ఆర్టిస్టులకు నాలుగు ఫోన్లు చాలు.