సుద్దముక్కతో గీసిన ముఖం

చిన్నూ, బుజ్జీ,

మాటల్లేని సినిమాలో నవ్వెలా వస్తుందని అడిగారు కదా, ఒక్క సినిమా పట్టుకుని చెప్తాను. ‘ద ఫేస్ ఆన్ ద బార్‌రూమ్ ఫ్లోర్’, 1914 ఆగస్టులో అమెరికాలో విడుదలైంది, తీసింది కీస్టోన్ అనే సినిమా కంపెనీ. డైరెక్షన్, హీరో వేషం రెండూ చార్లీ చాప్లిన్‌వే. అప్పటికి ఆయనకి 25 ఏళ్లు, తెర మీద కనిపించడం మొదలై ఏడాది కూడా నిండలేదు.

కథ మాత్రం ఆయనది కాదు, హ్యూ ఆంటోయిన్ డార్సీ 1887లో రాసిన పద్యం. చినిగిన బట్టల తాగుబోతు ఒకడు బార్‌లోకి వచ్చి, నేనూ ఒకప్పుడు మంచి చిత్రకారుణ్ణే, ఎవరి బొమ్మయితే గీస్తున్నానో ఆ స్నేహితుడే నా మ్యాడలిన్‌ని తీసుకెళ్లిపోయాడని చెప్పుకుని, సుద్దముక్కతో ఆమె ముఖం నేల మీద గీస్తూ ఆ బొమ్మ మీదే పడి ప్రాణం వదిలేస్తాడు.

చాప్లిన్ ఆ పద్యం పాదాలనే తెర మీద అక్షరాలుగా వేశాడు. అక్షరాలు ఏడిపిస్తుంటాయి, ఆ వెంటనే వచ్చే దృశ్యం వాటి మాట వినదు. పద్యంలో ఆ స్నేహితుడు కుర్రాడు, సినిమాలో చూస్తే లావుపాటి పెద్దమనిషి! చిత్రకారుణ్ణని అంత చెప్పినవాడు చివరికి నేల మీద గీసేది యూకేజీ పిల్లలు గీసే గుండ్రటి ముఖం. పైగా వాడు చచ్చిపోడు, తాగిన మత్తులో పడిపోతాడు, అంతే.

బార్‌లో తోపులాట నాకు మామూలుగానే అనిపిస్తుంది, కీస్టోన్ సినిమాలు చాలావాటిలో అలాంటిది ఉంటుంది. నాకిష్టమైంది పార్కు సీను. ఇన్నేళ్లూ ఎవరికోసం కుమిలిపోయాడో ఆ మ్యాడలిన్ మొగుడితో, వెనకాల పిల్లల గుంపుతో ఎదురవుతుంది. ఆ మొగుడి అవస్థ చూశాక, అమ్మయ్య తప్పించుకున్నాను అన్నట్టు మారిపోతాడు మనవాడు. పద్యంలో ఈ ముక్క లేనే లేదు, చాప్లిన్ కలిపింది. ఒక మనిషి దుఃఖం ఉన్నట్టుండి తేలికైపోవడం ఒక్క మాట లేకుండా తెలుస్తుంది చూడండి, అక్కడే ఆయన ఎంత గొప్ప నటుడో నాకు కనిపిస్తుంది.

నెట్‌లో దొరుకుతుంది, పావుగంట కూడా ఉండదు. మనుషులు మరీ గబగబా నడుస్తుంటే కంగారు పడకండి, అప్పట్లో కెమెరా చేత్తో తిప్పేవాళ్లు, సెకనుకి తక్కువ ఫ్రేములు పడేవి, ఇప్పటి వేగంలో వేస్తే అలా పరుగులు పెడతారు. ముందు సౌండ్ తీసేసి చూడండి, తర్వాత మ్యూజిక్‌తో చూడండి. ఏ సీన్‌కి ఎక్కువ నవ్వారో నాకు రాయండి.

మీ తాతయ్య