బురదలో టమాటా మొలిచింది కదా, ఇంకేం భయం?

మురుగునీటి శుద్ధి కేంద్రం ల్యాబ్‌లో నా పని. ఎండాకాలం రాగానే చుట్టుపక్కల రైతులు, మురుగునీళ్లు శుద్ధి చేశాక మిగిలే బురదను ఎరువుగా వేసుకోడానికి ట్రాలీలు కట్టుకొస్తారు. ఆరబెట్టిన బురద బీటలు వారి, ఆ బీటల్లో టమాటా మొక్కలు వాటంతటవే లేస్తాయి. వాటిని చూపించి మొన్న ఒకాయన అన్నాడు: "ఇత్తనం ఎయ్యకుంటనే మొలిసింది సార్. ఇంతకన్న బలమైన ఎరువుంటదా?"

అపోహ: పైరు ఏపుగా పెరిగితే ఎరువు మంచిదే.

వాస్తవం: ఆ గింజలు మన కడుపుల్లోంచి, వంటింటి సింకుల్లోంచి వచ్చినవే. బురదలో నత్రజని, భాస్వరం నిజంగానే ఉన్నాయి, అందుకే మొక్క పెరుగుతుంది. కాడ్మియం అనే విష లోహం ఉన్నా పెరుగుతుంది. పాలకూర ఆ కాడ్మియాన్ని ఆకుల్లోకి లాక్కుని కూడా నిగనిగలాడుతూనే ఉంటుంది.

అపోహ: నీళ్లు శుద్ధయ్యాయంటే బురదా శుభ్రమే.

వాస్తవం: నీళ్లలోంచి తీసిన లోహాల్లో ఎక్కువ భాగం చేరేది బురదలోకే. లోహపు పూతలు వేసే ప్లేటింగ్ షెడ్ల నికెల్, క్రోమియం, బ్యాటరీల సీసం, కొన్ని మందులు కూడా. పటాన్‌చెరులో మందుల కంపెనీల వ్యర్థజలాలను శుద్ధి చేసి వదిలిన నీళ్లలోనే లీటరుకు 31 మిల్లీగ్రాముల దాకా సిప్రోఫ్లాక్సాసిన్ అనే యాంటీబయాటిక్ ఉందని 2007లో స్వీడన్ పరిశోధకులు ప్రచురించారు. ఈ మందు బురదను గట్టిగా పట్టుకుంటుంది.

అపోహ: కంపోస్టు చేస్తే అన్నీ పోతాయి.

వాస్తవం: కుప్పలో 55 డిగ్రీల వేడి సరిపడా రోజులు నిలిస్తే క్రిములు చస్తాయి. లోహం చావదు. కుప్ప కుళ్లి తగ్గేకొద్దీ కిలో ఎరువులో దాని వాటా పెరుగుతుంది కూడా. నాన్‌స్టిక్ పూతల తయారీలో వాడిన పీఫాస్ రసాయనాలూ అంతే, కంపోస్టు వేడికి విరగవు. అమెరికాలోని మేన్ రాష్ట్రంలో ఏళ్ల కిందట బురద చల్లిన పొలాల మేత తిన్న ఆవుల పాలలో 2016లో అవి బయటపడ్డాయి. 2022లో ఆ రాష్ట్రం పొలాల్లో బురద వేయడాన్నే నిషేధించింది.

అపోహ: భూసార పరీక్షలో అంతా బాగానే ఉంది.

వాస్తవం: ఆ పరీక్ష చేసి ఇచ్చే సాయిల్ హెల్త్ కార్డులో చూసేవి 12 అంశాలు. కాడ్మియం, సీసం, పాదరసం అందులో లేనే లేవు.

అపోహ: లోహాలు హద్దులో ఉంటే ఎన్నేళ్లు వేసినా ఫర్వాలేదు.

వాస్తవం: లెక్క కడదాం. ఎరువుల నియంత్రణ ఉత్తర్వు ప్రకారం సిటీ కంపోస్టులో, అంటే నగరాల చెత్తతో చేసే ఎరువులో, కాడ్మియం కిలోకు 5 మిల్లీగ్రాములు మించకూడదు. సరిగ్గా ఆ హద్దులో ఉన్న ఎరువు ఏటా ఎకరాకు 4 టన్నులు వేస్తే ఏడాదికి 20 గ్రాముల కాడ్మియం వేసినట్టే. పదేళ్లకు 200 గ్రాములు. పంట తీసుకుపోయేది అందులో చాలా కొంచెం, మిగతాదంతా పైమట్టిలోనే ఉండిపోతుంది. నేల పులుపెక్కితే వేళ్లకు ఇంకా సులువుగా అందుతుంది.

టమాటా మొక్కలు చూపించిన ఆ రైతు వేసేది పాలకూర, కొత్తిమీర. వద్దని చెప్పాను. ఈ బురద ఏ కాలువ నీళ్లది, ఆ కాలువలో ఫ్యాక్టరీ నీళ్లు కలుస్తాయా, ఈ బ్యాచ్‌కు లోహాల రిపోర్టు ఉందా అని అడగకుండా ఎవరిదగ్గరా ట్రాలీ నింపుకోవద్దన్నాను.

"మరి గట్టు మీది టేకు చెట్లకు?" అన్నాడు. ఈ బ్యాచ్ రిపోర్టు రానివ్వండి, చూసి ఫోన్ చేస్తానన్నాను.